లక్షిన్ అనే ఎడిటర్: నోవీ మీర్ పత్రిక, సెన్సారు, సోల్జెనిత్సిన్‌తో గొడవ

సోవియట్ కాలపు రష్యన్ రచయితల పేర్లు మనవాళ్ళు టకటకా చెప్పేస్తారు, సోల్జెనిత్సిన్, పాస్తర్నాక్, బుల్గాకోవ్ అని, కానీ ఆ రాతల్ని అచ్చులోకి తెచ్చింది ఎవరు, దాని కోసం ఎవరెవరితో తలపడ్డారు అంటే మాత్రం పెద్దగా మాట్లాడుకోం. వ్లదీమిర్ యాకొవ్లెవిచ్ లక్షిన్ అలా మాటల్లోకి రాకుండా ఉండిపోయిన మనిషి. 1933లో మాస్కోలో పుట్టాడు, 1993లో పోయాడు, సాహిత్య విమర్శకుడు, పత్రిక ఎడిటర్. ఇతన్ని ప్రభుత్వం నమ్మలేక పత్రికలోంచి తీసేసింది, ఇతన్నే సోల్జెనిత్సిన్ జాగ్రత్తపరుడు, లెక్కలేసుకునే మనిషి అని పుస్తకంలో ఎక్కించాడు. రెండు వైపులా తిట్లు తిన్న ఈ జీవితాన్ని చూస్తే సెన్సారు ఉన్న దేశంలో "లిబరల్" అంటే రోజువారీగా ఏం పని చెయ్యాల్సి వచ్చేదో బాగా తెలుస్తుంది.

ముందు ఆ పత్రికల సంగతి. రష్యాలో 19వ శతాబ్దం నుంచి లావుపాటి నెలవారీ పత్రికల సంప్రదాయం ఉంది. ఒక్కో సంచిక రెండొందల యాభై పేజీలు పైనే, అందులో నవల సీరియల్‌గా వస్తుంది, కవిత్వం ఉంటుంది, పల్లెల మీద రిపోర్టులు ఉంటాయి, వెనక భాగంలో విమర్శ ఉంటుంది. దాస్తయేవ్‌స్కీ, తోల్‌స్తోయ్ నవలలు కూడా ముందు ఇలాంటి పత్రికల్లో వచ్చి తర్వాతే పుస్తకాలయ్యాయి. పార్లమెంటు లేని చోట, పార్టీలు లేని చోట, జనం దేశం గురించి వాదించుకోడానికి మిగిలిన జాగా అదే కాబట్టి వెనక పేజీల్లో ఉండే విమర్శకి అంత బరువు వచ్చింది. బెలీన్‌స్కీ, దొబ్రొల్యూబొవ్ లాంటి వాళ్ళు కథ గురించి రాస్తున్నట్టే ఉంటారు, మాట్లాడేది మాత్రం బానిస రైతుల గురించి, జారు పాలన గురించి. సోవియట్ రోజుల్లో పత్రికలన్నీ ప్రభుత్వానివే అయినా ఈ అలవాటు పోలేదు. పాఠకుడికి వరసల మధ్య చదవడం బాగా వచ్చు, విమర్శకుడికి వరసల మధ్య రాయడం వచ్చు.

నోవీ మీర్ 1925లో మొదలైన పత్రిక. దాన్ని పేరుమోసిన పత్రిక చేసింది కవి అలెక్సాందర్ త్వార్దోవ్‌స్కీ. స్మోలెన్‌స్క్ దగ్గర రైతు కుటుంబం వాళ్ళది, స్టాలిన్ కాలంలో వాళ్ళ నాన్నని కులక్ (డబ్బున్న రైతు, అంటే పార్టీ దృష్టిలో శత్రువు) అని ముద్ర వేసి కుటుంబాన్నంతా ఊరు వెళ్ళగొట్టారు, ఆ కొడుకే తర్వాత యుద్ధ కాలంలో దేశమంతా చదివిన కవి అయ్యాడు, పార్టీలో పెద్ద హోదాలోకీ వెళ్ళాడు. రెండుసార్లు ఎడిటర్‌గా చేసాడు, 1950 నుంచి 54 దాకా ఒకసారి, 1958 నుంచి 70 దాకా ఇంకోసారి. మొదటిసారి తీసేసిందీ విమర్శ వ్యాసాల వల్లే, సాహిత్యంలో నిజాయితీ గురించి పొమెరాంత్సెవ్ రాసిన వ్యాసం 1953 డిసెంబర్ సంచికలో వేసినందుకు గొడవ మొదలైంది. ఇక్కడ తెలుగు పాఠకులకి ఒక చిన్న కనెక్షన్ ఉంది. ప్రగతి, రాదుగ వాళ్ళ పుస్తకాలు విశాలాంధ్రలో చవగ్గా కొనుక్కుని చదివిన తరానికి ఐత్మాతొవ్ "జమీల్యా" అంటే ప్రాణం కదా, అది రష్యన్‌లో 1958లో వచ్చింది ఈ నోవీ మీర్‌లోనే. కాకపోతే మాస్కో నుంచి మనదాకా వచ్చిన పుస్తకాల లిస్టు వేరేవాళ్ళు ఎంచేవాళ్ళు, నోవీ మీర్ వేసిన వాటిల్లో ఘాటైనవి ఆ దారిలో రాలేదు.

లక్షిన్ నటుల ఇంట్లో పుట్టాడు, నాటకాల వాతావరణంలో పెరిగాడు. మాస్కో యూనివర్సిటీలో సాహిత్యం చదివి 1955లో బయటికొచ్చాడు, చేఖొవ్, తోల్‌స్తోయ్, ఒస్త్రొవ్‌స్కీ ఇతని సబ్జెక్టులు. మరుసటి ఏడే, 1956లో, పార్టీ 20వ కాంగ్రెస్‌లో పార్టీ అధినేత క్రుశ్చేవ్ స్టాలిన్ నేరాల మీద ఆ ప్రసంగం చేసాడు. అప్పుడు ఇరవై ఏళ్ళు దాటిన ఆ తరం మొత్తం ఆ ప్రసంగం ముద్ర మోసిందే. వ్యవస్థ చెడిపోయింది, దాన్ని లోపలినుంచి బాగు చెయ్యొచ్చు, సోషలిజం అంటే అసలు ఇది కాదు అని వాళ్ళ నమ్మకం. లక్షిన్ ఆ నమ్మకాన్ని చివరిదాకా పూర్తిగా వదులుకోలేదు, అదే ఇతని బలం, తర్వాత ఇతని మీద వచ్చిన విమర్శలకి కారణమూ అదే. 1962లో నోవీ మీర్‌లో విమర్శ విభాగం చూసుకోడానికి వచ్చాడు, అప్పటికి ఇరవై తొమ్మిదేళ్ళు.

వచ్చిన ఏడాదే ఆ బాంబు పేలింది. 1961 చివర్లో పత్రికలో పనిచేసే అన్నా బెర్జెర్ చేతికి ఒక టైపు ప్రతి వచ్చింది, లేబర్ క్యాంపులో ఒక మామూలు ఖైదీ ఒక్క రోజు ఎలా గడిపాడో చెప్పే కథ. ఆవిడ దాన్ని మధ్యలో ఉన్న ఎడిటర్లకి ఇవ్వకుండా, వాళ్ళు భయపడి పక్కన పెట్టేస్తారని, తిన్నగా త్వార్దోవ్‌స్కీకి చేర్చింది. క్యాంపుని ఒక రైతు కళ్ళతో చూసిన కథ అని చెప్పి ఇచ్చింది, రైతు బిడ్డకి ఏం చెప్పాలో ఆవిడకి బాగా తెలుసు మరి. త్వార్దోవ్‌స్కీ రాత్రికి రాత్రి చదివేసాడు. సెన్సారు ఆఫీసుకి మామూలు దారిలో పంపితే పని జరగదని క్రుశ్చేవ్ దాకా వెళ్ళి పర్మిషన్ తెచ్చుకున్నాడు, 1962 నవంబర్ సంచికలో సోల్జెనిత్సిన్ రాసిన "ఇవాన్ దెనీసొవిచ్ జీవితంలో ఒక రోజు" వచ్చింది. దగ్గర దగ్గర లక్ష కాపీలు, దొరికినవాళ్ళు దొరకనివాళ్ళకి చేతులు మార్చి ఇచ్చుకున్నారు. లక్షలమంది ఇళ్ళల్లో గుసగుసగా మాత్రమే మాట్లాడుకునే విషయం అచ్చులో చూసారు.

అయితే ఆ ఉత్సాహం ఎక్కువ కాలం నిలవలేదు. ఏడాది తిరక్కుండానే విమర్శకులు ఎదురు తిరిగారు. వాళ్ళ అభ్యంతరం క్యాంపుల గురించి రాయకూడదని కాదు, పైకి అలా అనలేరు, క్రుశ్చేవ్ స్వయంగా ఒప్పుకున్న కథ కదా. అందుకని కథానాయకుడు ఇవాన్ దెనీసొవిచ్ షూఖొవ్ మీద పడ్డారు. ఇతను ఎదురు తిరగడు, ఒక సూప్ గిన్నె ఎక్కువ దొరికితే సంబరపడతాడు, పోరాడే సోవియట్ హీరో ఎక్కడ, కథలో ఆ నౌకాదళం కెప్టెన్ ఉన్నాడు కదా, కాపలావాళ్ళ మొహం మీదే చట్టం మాట్లాడినవాడు, హీరో అతను కావాలి గానీ ఈ రైతేంటి అని. 1964 జనవరి సంచికలో లక్షిన్ రాసిన "ఇవాన్ దెనీసొవిచ్, అతని మిత్రులు, శత్రువులు" అనే పెద్ద వ్యాసం దీనికి జవాబు.

ఆ వ్యాసం ఎందుకంత గోల చేసిందంటే అందులో లక్షిన్ చేసిన పని కథని సమర్థించడం ఒక్కటే కాదు. కథ మీద వచ్చిన విమర్శలన్నీ వరసగా పెట్టుకుని, ఒక్కో అభ్యంతరం వెనక ఏ మనస్తత్వం ఉందో తీసి చూపించాడు. షూఖొవ్ చలిలో గోడ కట్టే సీను మీద ఆగి, బలవంతపు పనిలో కూడా చేతికొచ్చిన పనిని చెడగొట్టలేని ఆ మనిషిలో మర్యాద ఎక్కడ దాగి ఉందో చూపించాడు, అతను ఎవరినీ పట్టివ్వడు, ఎంగిలి కంచాలు నాకడు, టోపీ తీసే తింటాడు, క్యాంపులో ఇదే పెద్ద పోరాటం. ఎదురుతిరిగి మాట్లాడితే పది రోజులు చీకటి కొట్టు అని కథే చెప్తుంటే, ఖైదీ ఇంకా గట్టిగా మాట్లాడాల్సింది అని వెచ్చని ఆఫీసులో కూర్చుని అడిగేవాళ్ళు అసలు ఎవరి పక్షం అనే ప్రశ్న చదివేవాడికి దానంతట అదే వస్తుంది, లక్షిన్ నోరు తెరిచి ఆ మాట అనక్కర్లేదు. కథని ఇష్టపడేవాళ్ళెవరు, ఇష్టపడనివాళ్ళెవరు అన్న లెక్క స్టాలిన్ కాలాన్ని వదులుకున్నవాళ్ళెవరు, వదులుకోనివాళ్ళెవరు అన్న లెక్కగా మారిపోయింది. అవతలివాళ్ళకి మంట పుట్టింది ఇక్కడే. ఇది న్యాయమైన పద్ధతేనా అంటే కొంచెం ఆలోచించాలి, ఎందుకంటే ఒక కథ నచ్చకపోవడానికి సాహిత్యపరమైన కారణాలూ ఉండొచ్చు, వాళ్ళందర్నీ శత్రువుల గాటన కట్టడం దొబ్రొల్యూబొవ్ కాలం నుంచి రష్యన్ విమర్శకి ఉన్న జబ్బే. కానీ అప్పుడు వచ్చిన విమర్శల్లో ఎక్కువ భాగం సాహిత్యం గురించి కాదన్నది కూడా నిజమే.

ఆ టైములోనే ఆ కథని లెనిన్ ప్రైజుకి ప్రతిపాదించారు. కొమ్సొమోల్ అనే పార్టీ యువజన సంఘం పెద్ద పవ్లోవ్ లేచి రచయిత జైలుకెళ్ళింది రాజకీయ కారణాలతో కాదు అన్నట్టు మాట్లాడితే త్వార్దోవ్‌స్కీ సుప్రీంకోర్టు నుంచి నిర్దోషి అన్న కాగితం తెప్పించి చదివి వినిపించాడు. అయినా ఏప్రిల్‌లో పార్టీ దినపత్రిక ప్రావ్దా ఈ కథకి ప్రైజు తగదు అని తేల్చేసింది, రాలేదు. అక్టోబర్‌లో క్రుశ్చేవ్‌నే దింపేసారు. ఇక పైన చెప్పుకోడానికి మనిషి లేడు.

1965 నుంచి 70 దాకా జరిగింది సన్నగా సాగిన యుద్ధం. గ్లావ్‌లిత్ అనే సెన్సారు సంస్థ స్టాంపు పడకపోతే ప్రెస్‌లో ఒక్క పేజీ కదలదు. ప్రూఫులు సెన్సారు దగ్గరికి వెళ్తాయి, అక్కడ అనుమానం వస్తే పార్టీ సెంట్రల్ కమిటీలో సంస్కృతి విభాగానికి వెళ్తాయి, అక్కడినుంచి ఫోను వస్తుంది, ఏ కాగితం మీదా నిషేధం అని రాయరు, బాగోలేదు, మళ్ళీ చూడండి అంటారంతే. ఎడిటర్ ఒక పేరా తీసి ఇంకో పేరా నిలబెట్టుకుంటాడు, కథ మొత్తం పోతే దాని జాగాలో పెట్టడానికి ఇంకోటి రెడీగా ఉంచుకుంటాడు. ఈ బేరాల వల్ల సంచికలు నెల, రెండు నెలలు లేటుగా చందాదార్లకి చేరేవి. నీలం అట్ట నోవీ మీర్ లేటయిందంటే లోపల ఏదో మంచిది ఉంది అని జనం అర్థం చేసుకునే స్థాయికి వచ్చేసింది వ్యవహారం. అలెక్సాందర్ బేక్ నవల "కొత్త నియామకం" వేస్తామని ప్రకటించి కూడా వెయ్యలేకపోయారు, సీమొనొవ్ యుద్ధ డైరీలు టైపు సెట్ చేసాక ఆగిపోయాయి, సోల్జెనిత్సిన్ "క్యాన్సర్ వార్డు" ఎంత ప్రయత్నించినా బయటికి రాలేదు. పత్రికలో విమర్శలు రాసే సిన్యావ్‌స్కీని 1965 సెప్టెంబర్‌లో అరెస్టు చేసి, విదేశాల్లో మారుపేరుతో కథలు వేసుకున్నందుకు ఏడేళ్ళు వేసారు. ఇంత జరుగుతున్నా మొజాయెవ్ రాసిన మొండి రైతు కుజ్‌కిన్ కథ, ఐత్మాతొవ్ "గుల్‌సారీ", బుల్గాకోవ్ నాటకరంగం నవల ఇవన్నీ ఆ ఏళ్ళలోనే వచ్చాయి. ఏం ఆగిపోయిందో చరిత్ర పుస్తకాల్లో ఉంటుంది గానీ ఇవి ఎలా ఆగకుండా వచ్చాయన్నదే ఎడిటర్ పనితనం. 1967 నుంచి లక్షిన్ పత్రికలో దాదాపు రెండో మనిషి, త్వార్దోవ్‌స్కీ లేనప్పుడు నడిపింది ఇతనే, కానీ ఆ పదవిని పైవాళ్ళు ఎప్పుడూ ఖాయం చెయ్యలేదు. జీతం ఒక హోదాది, బాధ్యత ఇంకో హోదాది.

విమర్శకుడిగా ఇతని రెండో పెద్ద వ్యాసం బుల్గాకోవ్ "మాస్టర్, మార్గరీటా" మీద, 1968 జూన్ సంచికలో. ఆ నవల రచయిత చనిపోయిన పాతికేళ్ళకి, 1966 చివర, 67 మొదట్లో, మాస్క్వా అనే ఇంకో పత్రికలో కోతలతో వచ్చింది. బుల్గాకోవ్ భార్య యెలేనా సెర్గేయెవ్నాతో లక్షిన్‌కి బాగా పరిచయం, ఆవిడ గురించి తర్వాత చక్కటి జ్ఞాపకాలు కూడా రాసాడు. సైతాను మాస్కోకొచ్చి గందరగోళం చేసే నవలని సోవియట్ పాఠకుడికి ఎలా పరిచయం చెయ్యాలి? లక్షిన్ ఆ నవలలోనే ఉన్న రోమన్ గవర్నరు పిలాతు కథ దగ్గర ఆగాడు, నిర్దోషి అని తెలిసీ పదవికి భయపడి ఒక మనిషిని చావుకి పంపిన అధికారి, ఆ తర్వాత అతన్ని వదలని అంతరాత్మ. పిరికితనం గురించి, అంతరాత్మ గురించి 1968లో రాస్తే చదివేవాళ్ళు రోము సామ్రాజ్యం గురించే ఆలోచిస్తారా? ఆ ఆగస్టులోనే సోవియట్ ట్యాంకులు చెకొస్లొవేకియాలోకి వెళ్ళాయి.

అక్కడితో టైము అయిపోయింది. 1969లో నోవీ మీర్ బోర్డులో ఒకప్పుడు పనిచేసిన దెమెంత్యెవ్ ఒక వ్యాసంలో మలదాయా గ్వార్దియా పత్రికలో వస్తున్న జాతీయవాద ధోరణిని తప్పుబట్టాడు. దానికి జవాబుగా ఆ జులైలో అగొన్యోక్ పత్రికలో పదకొండుమంది రచయితలు నోవీ మీర్ మీద బహిరంగ లేఖ వేసారు. నవంబర్‌లో సోల్జెనిత్సిన్‌ని రచయితల సంఘం నుంచి తీసేసారు. త్వార్దోవ్‌స్కీ తన నాన్న గురించి, స్టాలిన్ కాలం గురించి రాసుకున్న పద్యం ఆయనకి తెలీకుండా విదేశాల్లో అచ్చయింది, అదో నేరమైంది. 1970 ఫిబ్రవరిలో రచయితల సంఘం పెద్దలు ఎడిటర్‌ని ముట్టుకోలేదు, తెలివిగా బోర్డులోంచి లక్షిన్, కొంద్రతోవిచ్, వినగ్రాదొవ్, సాట్స్‌ని తీసేసారు. తన మనుషులు లేకుండా కుర్చీలో కూర్చోలేక త్వార్దోవ్‌స్కీ రాజీనామా చేసాడు. 1971 డిసెంబర్‌లో చనిపోయాడు, క్యాన్సరు.

అసలు గొడవ దీని తర్వాతది. 1974లో దేశం నుంచి గెంటేసాక సోల్జెనిత్సిన్ తన సాహిత్య పోరాటం మీద రాసుకున్న జ్ఞాపకాలు 1975లో పారిస్‌లో వేసాడు, దూడ వెళ్ళి ఓక్ చెట్టుని కొమ్ములతో పొడిచిన కథ అన్న టైటిల్ దానిది. అందులో త్వార్దోవ్‌స్కీని పెద్ద మనసున్నవాడిగా, అదే సమయంలో తాగుడుకి, పార్టీకి కట్టుబడిపోయినవాడిగా చూపించాడు. లక్షిన్ ప్రతిభని ఒప్పుకుంటూనే పైకి ఎదగాలని చూసుకునే మనిషిగా గీసాడు. 1970లో పత్రికని లాక్కుంటుంటే వీళ్ళు గట్టిగా అరవకుండా, రహస్యంగానైనా ఒక నిరసన కాగితం జనంలోకి వదలకుండా తలొంచుకుని వెళ్ళిపోయారన్నది ఆయన పెద్ద ఆరోపణ.

లక్షిన్ ఊరుకోలేదు. జవాబు రాసాడు, కానీ సోల్జెనిత్సిన్ పేరే అచ్చులో రాకూడని దేశంలో ఆయన మీద జవాబు మాత్రం ఎక్కడ వేస్తారు? ప్రభుత్వాన్ని విమర్శించే చరిత్రకారుడు రోయ్ మెద్వెదెవ్ ఆధ్వర్యంలో లండన్‌లో వచ్చే "ఇరవయ్యో శతాబ్దం" అనే సంకలనంలో 1977లో వచ్చింది. సెన్సారుకి తలొంచాడని నింద పడ్డ మనిషి ఆ నిందకి జవాబు సెన్సారు దాటి, విదేశంలో, ఉద్యోగం రిస్కులో పెట్టి వేసుకోవాల్సి వచ్చింది. ఇందులో లక్షిన్ వాదన సూటిగా ఉంటుంది. సోల్జెనిత్సిన్ ఒక్కడే ఒంటిచేత్తో వ్యవస్థతో పోరాడినట్టు రాసుకున్నాడు, కానీ ఆ మొదటి కథని అచ్చులోకి తెచ్చిన పదకొండు నెలల బేరసారాలు, ఆ తర్వాత ఏళ్ళ తరబడి పత్రిక తిన్న దెబ్బలు ఎవరివి? నెలనెలా లక్ష ఇళ్ళకి వెళ్ళే సంచికని నడపడం ఒక పుస్తకం దాచుకుని బయటికి పంపడం కంటే వేరే రకం ధైర్యం అని. త్వార్దోవ్‌స్కీ జ్ఞాపకం కోసం రాసినప్పుడు ఈ వ్యాసం చాలా బలంగా ఉంటుంది. సోల్జెనిత్సిన్ స్వభావాన్ని విశ్లేషించే చోట మాత్రం కోపం ఎక్కువై, ఆయన గొప్పతనాన్ని ఒప్పుకుంటూనే మనిషిగా చిన్నబుచ్చాలన్న తపన కనపడుతుంది. పైగా అప్పటికి లేబర్ క్యాంపుల మీద సోల్జెనిత్సిన్ రాసిన "గులాగ్" పుస్తకం వచ్చేసింది. వ్యవస్థ లోపలినుంచి బాగుపడుతుందా లేదా అన్న ప్రశ్నకి ఆ పుస్తకం ఇచ్చిన జవాబుకి లక్షిన్ దగ్గర సరిపడా జవాబు లేదు, సోషలిజం మీద తన నమ్మకం చెప్పుకుని ఆగిపోయాడు. ఇద్దరిలో ఎవరు కరెక్టు అంటే, 1962లో లక్షిన్ వాళ్ళ దారి లేకపోతే సోల్జెనిత్సిన్ ఒక రహస్య టైపు ప్రతిగా మిగిలేవాడు, 1970లో ఆ దారి మూసుకుపోయిందని ముందు గుర్తుపట్టింది మాత్రం సోల్జెనిత్సినే.

డెబ్భైల్లో లక్షిన్ ఇనస్త్రాన్నయా లితెరతూర అనే అనువాద సాహిత్య పత్రికలో, పెద్ద అధికారం లేని ఉద్యోగంలో ఉన్నాడు. సమకాలీన సాహిత్యం మీద రాసే జాగా పోయింది కాబట్టి క్లాసిక్స్ వైపు వెళ్ళాడు, నాటక రచయిత ఒస్త్రొవ్‌స్కీ జీవితం మీద 1976లో పుస్తకం వేసాడు, టీవీలో చేఖొవ్, తోల్‌స్తోయ్ గురించి ప్రోగ్రాములు చేసాడు. విమర్శ వ్యాసం జన్మలో చదవనివాళ్ళకి కూడా ఆ టీవీ వల్లే మొహం తెలిసింది.

గొర్బచోవ్ వచ్చాక జ్నామ్యా పత్రికకి గ్రిగోరీ బక్లానొవ్ ఎడిటర్ అయ్యాడు, 1987 నుంచి 90 దాకా లక్షిన్ అక్కడ మొదటి డిప్యూటీ. ఇరవై ఏళ్ళ కింద నోవీ మీర్ వెయ్యలేకపోయిన బేక్ నవల 1986 చివర్లో జ్నామ్యాలో వచ్చింది, త్వార్దోవ్‌స్కీని అంత క్షోభ పెట్టిన ఆ పద్యం 1987 ఫిబ్రవరిలో వచ్చింది, జూన్‌లో బుల్గాకోవ్ "కుక్క గుండె" వచ్చింది. పాత బాకీలు తీర్చినట్టే అన్నమాట. ఆ ఊపులో లావు పత్రికల సర్క్యులేషన్ ఎవరూ ఊహించనంత పెరిగింది, 1990కి నోవీ మీర్ ఒక్కటే ఇరవై ఐదు లక్షలు దాటింది. 1990 ఆగస్టులో కొత్త ప్రెస్ చట్టం అమల్లోకొచ్చి సెన్సారు అధికారికంగా పోయింది.

1991లో లక్షిన్ మొట్టమొదటిసారి ఒక పత్రికకి పూర్తి స్థాయి చీఫ్ ఎడిటర్ అయ్యాడు, పాత ఇనస్త్రాన్నయా లితెరతూరకే. కానీ పని మొత్తం మారిపోయింది. 1992 జనవరిలో ధరల మీద ప్రభుత్వ అదుపు ఎత్తేసారు, కాగితం, ప్రింటింగ్, పోస్టు ఖర్చులు ఆకాశానికెక్కాయి, చందాదార్లు జీతంతో రొట్టె కొనుక్కోవాలా పత్రిక కొనుక్కోవాలా అనే స్థితికొచ్చారు. పైగా ఏదైనా బజార్లో పుస్తకంగా దొరుకుతున్నప్పుడు నెలనెలా ముక్కలుగా ఎందుకు చదవాలి? వరసల మధ్య రాయడం అనే విద్యకి కూడా గిరాకీ పోయింది, ఏ మాటైనా సూటిగా రాసుకోవచ్చు, ఇక లక్షిన్ లాంటి విమర్శకుడి వ్యాసం కోసం పత్రిక వెనక పేజీలు ముందు తిప్పే పాఠకుడు లేడు. బేరం ఆడాల్సింది ఇప్పుడు సెన్సారుతో కాదు, ప్రెస్సు బిల్లుతో.

1993 జులైలో, అరవై ఏళ్ళు నిండిన కొన్ని వారాలకే, లక్షిన్ పోయాడు. నోవీ మీర్‌లో పనిచేసిన ఏళ్ళలో డైరీ రాసుకున్నాడు, ఎవరు ఏ ఫోను చేసారు, ఏ పేరా ఎందుకు తీసారు, త్వార్దోవ్‌స్కీ ఏ రోజు ఏమన్నాడు అన్నీ. క్రుశ్చేవ్ కాలం భాగం ఇతను ఉండగానే 1991లో పుస్తకంగా వచ్చింది. ఆ పత్రిక గురించి ఇవాళ ఎవరు పరిశోధన చేసినా ఒక పక్క సోల్జెనిత్సిన్ జ్ఞాపకాలు, ఇంకో పక్క ఈ డైరీలు పెట్టుకుని, ఒకే మీటింగు గురించి ఇద్దరూ ఏం రాసారో పోల్చి చూసుకోవాల్సిందే.